గ్రాముల్లో తూగని నేత

గోనెపట్టాలు, దారపు పోగులు, పాత పంచెలు, జుట్టుతో పేనిన తాళ్ళు తెచ్చి ఒక గదిలో వేలాడదీసి, పరిచి, ఇదీ కళే అని చూపించేవాళ్ళ మీద మన దగ్గర తీర్పు ఎప్పుడో అయిపోయింది. హిందూపురం టీకొట్టు దగ్గర విన్నా, ధర్మవరం పట్టుచీరల అంగట్లో విన్నా, చదువుకున్నవాళ్ళ సభల్లో విన్నా ఆ తీర్పు ఒకటే. ఇదంతా పడమటి దేశాల మోజు. ఇందులో పనితనం లేదు, ఎవరైనా చేస్తారు. మగ్గం గుంతలో కాళ్ళు పెట్టుకుని బతుకంతా గడిపేవాడికి కూడు లేనప్పుడు చిత్తుగుడ్డలకు గ్యాలరీలు ఎందుకు? నేత అంటే చీర, చీర అంటే జరీ, మిగిలినదంతా వేషం.

ఈ తీర్పులో ఒక్క ముక్కతో కూడా నేను ఏకీభవించను. ఇలా వస్తువులతో గదినే కళగా మార్చే ఇన్‌స్టలేషన్ కళాకారులను కాపాడాలని కాదు నా ఆరాటం. వాళ్ళు తమ సంగతి తాము చూసుకోగలరు. ఈ మాటల అడుగున ఒక నమ్మకం ఉంది. దినుసు ఖరీదును బట్టే పనికి విలువ అన్న నమ్మకం. పట్టు కాబట్టి గొప్ప, గోనె కాబట్టి తక్కువ. జరీ ఎన్ని గ్రాములుంటే చీర అంత గొప్ప. ఈ నమ్మకం గ్యాలరీలో కళాకారిణిని చిన్నచూపు చూస్తుంది, అది నిజమే. కానీ దానికంటే ముందు, దానికంటే ఎక్కువగా, అది దెబ్బ కొడుతున్నది ధర్మవరం నేతగాణ్ణి. నేతన్న పేరు చెప్పి ఈ కళను తిట్టేవాళ్ళు తెలియకుండానే నేతన్న కూలి తెగ్గోసే వాదాన్ని మోస్తున్నారు. నేను తేల్చదలచుకున్నది ఇదే.

ముందు పనితనం సంగతి చూద్దాం. హిందూపురానికి వంద కిలోమీటర్ల దూరంలో, బెంగళూరులో, షీలా గౌడ అనే కళాకారిణి ఉన్నారు. 1957లో కర్ణాటకలోని భద్రావతిలో పుట్టారు. శాంతినికేతన్‌లోనూ లండన్‌లోనూ చిత్రకళ చదివారు. తొంభైల మొదట్లో కుంచె, కాన్వాసు పక్కన పెట్టి ఆవుపేడ, దారం, కుంకుమ, జుట్టు, తారు పీపాల రేకులు చేతిలోకి తీసుకున్నారు. 1998లో ఆమె చేసిన ఒక పని పేరుకు 'నా బాధ అతనికి చెప్పు' అని అర్థం. అందులో ఉన్న దినుసులు మూడే: కుట్టుదారం, కుట్టుసూదులు, కుంకుమ. వాటిని అతికించడానికి జిగురు. మనింట్లో అలమారలోనో దేవుడి గూట్లోనో దొరకని వస్తువు ఒక్కటీ లేదు.

వాటితో ఆమె చేసిన పని ఏమిటో నిదానంగా చూడండి. వందల అడుగుల పొడవున్న దారాన్ని ఒక సూది బెజ్జంలో గుచ్చి, ఆ సూదిని దారం నడిమధ్యకు వచ్చేదాకా లాగుతారు. లాగాక దారం రెండు పేటలవుతుంది. ఇంకో సూది, ఇంకో దారం. ఇలా ఎన్నో సూదుల దారాలు ఒక్కటిగా చేర్చి, జిగురూ కుంకుమా పట్టించి, చేత్తో దువ్వుతూ ఎర్రటి తాడుగా చేస్తారు. తాడు గది గోడల మీద, నేల మీద పాకుతుంది, వేలాడుతుంది, చుట్టలు చుట్టుకుంటుంది. కొసన సూదులన్నీ గుత్తిగా మెరుస్తుంటాయి. దూరం నుంచి చూసినవాళ్ళకు పేగులా, బొడ్డుతాడులా, తెగిన జడలా కనిపిస్తుంది. దగ్గరికి వెళితే అది కుట్టుపని. ఇంటిపట్టున ఉండి ఏళ్ళ తరబడి ఆడవాళ్ళు చేసే, ఎవరూ లెక్కించని పని. అదంతా ఒక్కచోట కుప్పపడి ఎదురుగా నిలబడుతుంది.

ఇది ఎవరైనా చేస్తారా? ఒక సూదిలో అంత దారం చిక్కుపడకుండా లాగి చూడండి. తర్వాత, ఆ దారంతో చొక్కా కుట్టకుండా కుట్టేవాళ్ళు పడ్డ బాధను నిలబెట్టాలన్న ఆలోచన వస్తుందేమో చూడండి. ఈ రెండూ ఒకే మనిషిలో ఉండాలి. ధర్మవరంలో పడుగు అతికేవాళ్ళను చూసినవాళ్ళకు ఇది వేరే చెప్పనక్కర్లేదు. మగ్గం మీద ఒక పడుగు అయిపోవస్తుంటే దాని కొసకు కొత్త పడుగు కొసను పోగుకు పోగు కలిపి వేళ్ళతో మెలిపెట్టి అతుకుతారు. పట్టుచీర పడుగులో పోగులు వేలల్లో ఉంటాయి. ఒక్క పోగు తారుమారైతే ఆ తప్పు చీర పొడవునా కనిపిస్తుంది. కళ్ళు గుంజేసే ఈ పని చాలాచోట్ల ఆడవాళ్ళదే. కండెలు చుట్టేదీ వాళ్ళే. చీర అమ్ముడయ్యాక కొన్నావిడ పల్లూ మీద నెమలిని చూస్తుంది, అంచులో జరీని చూస్తుంది. అతుకును ఎవరూ చూడరు, కనపడకుండా ఉంటేనే అది మంచి అతుకు. షీలా గౌడ చేసింది ఆ కనపడని పనిని కనపడేలా చేయడం. ధర్మవరం వీధుల్లో ఆ ఎర్రతాడును అందరికంటే ముందు అర్థం చేసుకునేది పడుగు అతికే ఆడమనిషే అని నా నమ్మకం. ఆమెకు అది అర్థం కాదని ఆమె తరఫున మనమే తీర్పు చెప్పేస్తున్నాం.

ఇక పడమటి మోజు అన్న మాట. ఇది చరిత్ర తెలియక అనే మాట.

మన సంప్రదాయానికి గుర్తుగా చూపించే ధర్మవరం మగ్గం మీద జకార్డు పెట్టె ఉంది. అట్టలకు కన్నాలు పొడిచి, ఆ కన్నాల లెక్క ప్రకారం పడుగు పోగులు లేచేలా చేసే ఆ యంత్రం ఫ్రాన్సులోని లియాన్‌లో జోసెఫ్ మరీ జకార్డు 1804 ప్రాంతంలో తయారుచేసింది. దాని వల్ల ధర్మవరం చీర ఫ్రెంచి చీర అయిపోయిందా? మన నేతగాళ్ళు దాన్ని తమ మగ్గం మీదికి ఎక్కించుకుని, తమ హంసనూ తమ మామిడిపిందెనూ దానిచేత నేయించారు. జరీలో పెద్ద భాగం సూరత్ నుంచి వస్తుంది. ముడిపట్టు చైనా నుంచీ వస్తుంది. పరాయిది ముట్టని నేత ఎక్కడా లేదు, ఎప్పుడూ లేదు. జకార్డును మనదిగా చేసుకున్న ఊరికి ఇన్‌స్టలేషన్ అన్న మాట మాత్రం పరాయిదైపోవడం న్యాయం కాదు.

పైగా గుడ్డ విషయంలో పడమరకు మనం బాకీ లేము, వాళ్ళే మనకు బాకీ. కోరమాండల్ తీరంలో కలంతో రాసి, వేర్ల రంగులు అద్దిన నూలుగుడ్డలకు 17వ శతాబ్దంలో ఐరోపా ఎంత వెర్రెత్తిందంటే, తమ నేతపని దెబ్బ తింటుందని ఫ్రాన్సు 1686లో వాటిని నిషేధించింది. ఇంగ్లండు 1700లో ఒకసారి, 1721లో మరింత గట్టిగా చట్టాలు చేసింది. ఈ చరిత్రనే చేతిలోకి తీసుకున్న కళాకారిణి లావణ్య మణి. 1977లో హైదరాబాదులో పుట్టి, బరోడాలో చదివి, అక్కడే పనిచేస్తున్నారు. కలంకారీ పద్ధతిని నేర్చుకుని, రంగులద్దిన నూలుగుడ్డతో, అతుకుపనితో, కుట్టుపనితో పెద్ద పెద్ద పనులు చేస్తారు. 2018లో కొచ్చి బినాలే అనే కళాప్రదర్శనలో ఆమె గుడ్డలు ఓడ తెరచాపల్లా పైనుంచి వేలాడాయి. ఏ ఓడల్లో మన గుడ్డ వెళ్ళిందో, ఏ ఓడల్లో వ్యాపారులు వచ్చి పాలకులయ్యారో ఆ కథను చెప్పడానికి తెరచాప కంటే తగిన రూపం ఏముంది? చెప్పే మాధ్యమమూ చెప్పే కథా రెండూ గుడ్డే.

ఆ కలంకారీలో ఉన్న దినుసులేమిటి? కరక్కాయ. గేదెపాలు. పటిక. నలుపు కోసం తుప్పు పట్టిన ఇనుప ముక్కలను బెల్లం నీళ్ళలో రోజుల తరబడి ఊరబెట్టిన కసిం. ఆ బెల్లం హిందూపురం మార్కెట్లో దిమ్మలు దిమ్మలుగా దొరుకుతుంది. తుప్పు ఇనుము ఏ పాత సామాన్ల కొట్లోనైనా దొరుకుతుంది. శ్రీకాళహస్తి కలంకారీని మహాకళ అని మనమే చేతులెత్తి మొక్కుతాం. అది పుట్టింది వంటింటి దినుసుల నుంచీ చెత్తబుట్ట దినుసుల నుంచీనే అన్న సంగతి మాత్రం మరచిపోతాం. రోజువారీ వస్తువులతో కళ చేయడం కొత్తగా ఎవరో నేర్పిన విద్య కాదు.

మన ఆధునిక కళలోకి తాడూ నారా వచ్చిన దారి కూడా ఇక్కడి మగ్గాల పక్కనుంచే సాగింది. స్వాతంత్ర్యం తర్వాత, చేనేత కోసం పనిచేసిన పుపుల్ జయకర్ చొరవతో నేత సేవా కేంద్రాలు వచ్చాయి. వాటిలో చిత్రకారులకు ఉద్యోగాలిచ్చారు. వాళ్ళలో ఒకరైన ప్రభాకర్ బర్వే అక్కడ ఏళ్ళ తరబడి పనిచేశారు. చిత్రకారుడు కె.జి. సుబ్రమణ్యన్ 1959 నుంచి రెండేళ్ళు బొంబాయిలో అఖిల భారత చేనేత బోర్డులో డిజైన్ల విభాగం చూశారు. తర్వాత బరోడాలో తన విద్యార్థులకు నారతో, తాడుతో శిల్పం చేయవచ్చన్న ధైర్యాన్నిచ్చారు. ఆ విద్యార్థుల్లో మృణాళినీ ముఖర్జీ ఒకరు. బజార్లో దొరికే నారతాళ్ళు కొని, రంగులద్ది, ముడి మీద ముడి వేసి మనిషిని మించిన ఎత్తులో దేవతామూర్తుల్లాంటి రూపాలు నిలబెట్టారు. ఆమె 2015లో చనిపోయారు. 2019లో న్యూయార్కు మెట్రోపాలిటన్ మ్యూజియం ఆ ముడుల్ని తన గదుల్లో నిలబెట్టింది. చేనేత బోర్డు నుంచి బరోడాకు, బరోడా నుంచి న్యూయార్కుకు నడిచిన దారి ఇది. మనం దాన్ని తిరగేసి చెప్పుకుంటున్నాం.

ఇంకా దగ్గరికి వద్దాం. ధర్మవరం మండలంలోనే నిమ్మలకుంట ఉంది. అక్కడి తోలుబొమ్మల కళాకారుడు దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ వచ్చింది. తోలుబొమ్మ అంటే ఏమిటి? మేకతోలు. మాంసం అమ్ముడయ్యాక మిగిలేది. దాన్ని శుభ్రం చేసి, గీకి, వెలుతురు పారేటంత పలుచన చేసి, రూపం కత్తిరించి, నగలకూ బట్టల అంచులకూ సన్నని రంధ్రాలు పొడిచి, రంగు వేసి, వెదురు బద్దలు కడతారు. ఆట రోజున తెల్ల పంచె తెరగా కడతారు, వెనక దీపం పెడతారు. సుందరకాండ నడుస్తుంటే హనుమంతుడి తోకలో పొడిచిన ప్రతి రంధ్రంలోంచీ వెలుగు పంచె మీదికి దూకుతుంది. ఒక గుడ్డ, ఒక దీపం, ఒక తోలు, చుట్టూ చీకటి, మధ్యలో కూర్చున్న జనం. దీన్ని ఇన్‌స్టలేషన్ అనకపోతే ఆ మాటకు ఇంకేం అర్థముందో నాకు తెలియదు. అందరూ ఒక చోటులోకి వచ్చి, ఆ చోటే మారిపోవడాన్ని చూడటం. రాయలసీమ పల్లెలు తరతరాలుగా తెల్లవార్లూ కూర్చుని చూసింది దీన్నే. ఆ జనానికి మేకతోలు చౌక అన్న ఆలోచన రాలేదు. వాళ్ళ ముందు రాముడు నడిచాడు.

లేపాక్షికి వెళ్ళి వీరభద్రాలయం మండపంలో మెడ వెనక్కి వాల్చి కప్పు వంక చూడండి. అచ్యుతదేవరాయల కాలంలో పెనుకొండ కోశాధికారి విరూపణ్ణ కట్టించిన ఆ గుడి కప్పు మీద ద్రౌపదీ కల్యాణం, కిరాతార్జునీయం, వటపత్రశాయి ఉన్నాయి. వాటిలో కథ ఎంత ఉందో బట్ట అంత ఉంది. చారలు, గళ్ళు, పూలు, వెడల్పు అంచులు, మగవాళ్ళ నెత్తిన పొడవాటి కుళ్ళాయిలు. పక్కపక్కన నిలబడ్డ ఇద్దరు స్త్రీల చీరలు ఒకేలా ఉండవు. విజయనగర కాలపు నేత ఎలా ఉండేదో తెలుసుకోవాలంటే పరిశోధకులు ఇప్పటికీ ఈ కప్పునే అడుగుతారు, ఎందుకంటే ఆనాటి బట్ట చేతికి దొరకదు. ఆ పట్టు పోయింది, దారం పోయింది, జరీ ఉంటే అదీ పోయింది. మిగిలింది ఒక చిత్రకారుడు ఆ బట్టను చూసిన చూపు. సున్నపు పూతా నాలుగు రంగులూ ఆ చూపును దాదాపు ఐదు వందల ఏళ్ళు మోశాయి. లతామండపం స్తంభాల మీది లతలను చీరల అంచుల్లోకి దించుకుని ఎంతోమంది బతికారు. దినుసు పోయాక కూడా మిగిలేదేదో ఉందని ఆ ఆలయం చెబుతూనే ఉంది. మనం అక్కడ ఫోటోలు దిగి, తిరిగొచ్చి, అంగట్లో కూర్చుని మళ్ళీ జరీ గ్రాములే అడుగుతున్నాం.

ఇప్పుడు అసలు గాయం దగ్గరికి వస్తాను.

ధర్మవరం చీర ధర ఎలా కడతారు? పట్టు ఇంత, జరీ ఇంత, రంగు ఇంత, తర్వాత కూలి. పట్టు ధర పెరిగితే చీర ధర పెరుగుతుంది. వెండి ధర పెరిగితే పెరుగుతుంది. ఈ లెక్కలో బిగించడానికి వీలున్నది ఒక్కటే, కూలి. పట్టుగూళ్ళ మార్కెట్లో ఎవరూ ఊరికే తగ్గించరు, సూరత్‌లో జరీ వాడు తగ్గించడు. చివరకు తగ్గేది మాస్టర్ వీవర్ దగ్గర, అంటే పెట్టుబడి పెట్టే పెద్ద నేతగాడి దగ్గర, పట్టు తెచ్చుకుని చీరకింత అని నేసే మనిషే. కొనేవాళ్ళు కూడా అదే లెక్క నేర్చుకున్నారు. వెండి ఎంత, బరువెంత అని అడుగుతారు. ఎవరు నేశారు, ఎన్నాళ్ళు పట్టింది అని ఎంతమంది అడుగుతారు?

మరమగ్గం గెలిచింది సరిగ్గా ఈ లెక్క మీదే. చీరతో సహా కొన్ని రకాల బట్టలను చేతిమగ్గానికే కేటాయిస్తూ 1985లో కేంద్రం చట్టం చేసింది. అయినా ధర్మవరంలో మరమగ్గాల చప్పుడు ఆగలేదు. చట్టం అమలు చేయని అధికారుల తప్పు ఉంది, కాదనను. కానీ కొనేవాడి మనసులో మరమగ్గానికి తలుపు తీసింది ఎవరు? దినుసే విలువ అయితే, అదే పట్టు, అదే జరీ, అదే డిజైను మరమగ్గం మీద సగం ధరకు వస్తుంటే చేతిమగ్గం చీర ఎందుకు కొనాలి? ఈ ప్రశ్నకు దినుసువాదుల దగ్గర జవాబు లేదు. చేతికి విలువ ఉంది, చేతి వెనక ఆలోచనకు విలువ ఉంది అని ఒప్పుకుంటేనే జవాబు దొరుకుతుంది. అది ఒప్పుకున్న రోజున సూదీ దారం కుంకుమతో చేసిన పనిని తోసిపుచ్చడానికి కారణం మిగలదు. ఒకే కొలత రెండు చోట్లా పనిచేస్తుంది.

మన ముద్రలు చూడండి. 2004లో సిల్క్ మార్క్ వచ్చింది. ఇది అసలు పట్టు అని చెబుతుంది. 2006లో హ్యాండ్లూమ్ మార్క్ వచ్చింది. ఇది చేతిమగ్గం మీద నేసింది అని చెబుతుంది. 2015 ఆగస్టు 7న, మొదటి జాతీయ చేనేత దినోత్సవం నాడు, ఇండియా హ్యాండ్లూమ్ బ్రాండ్ వచ్చింది. ధర్మవరం పట్టుచీరలకూ పావడాలకూ భౌగోళిక గుర్తింపు కూడా ఉంది. అది ఊరి పేరు చెబుతుంది. దారం సంగతి తెలిసింది, మగ్గం సంగతి తెలిసింది, ఊరి సంగతి తెలిసింది. మనిషి పేరు మాత్రం కొనేవాళ్ళ కంటికి దూరంగానే ఉండిపోయింది. సర్కారు సాయం కూడా మగ్గాన్ని లెక్కపెట్టే వస్తుంది. 2019 డిసెంబరులో ధర్మవరంలోనే మొదలుపెట్టిన నేతన్న నేస్తం సొంత మగ్గం ఉన్న కుటుంబానికి ఏడాదికి 24 వేల రూపాయలు ఇచ్చింది. ఆ డబ్బు ఎన్నో ఇళ్ళలో అక్కరకు వచ్చింది. కానీ ఒకరి మగ్గం మీద కూలికి నేసేవాడు, కండెలు చుట్టే ముసలమ్మ, పడుగు అతికే ఆడపిల్ల ఆ లెక్కలోకి రాలేదు. 2019-20 చేనేత గణన ప్రకారం దేశంలో చేనేత మీద ఆధారపడ్డవాళ్ళు 35 లక్షల పైచిలుకు. అందులో నూటికి డెబ్బైమందికి పైగా స్త్రీలు. మూడింట రెండు వంతుల కుటుంబాలకు నెలకు 5 వేలు కూడా రావు. జరీ గ్రాముల్లో కొలిచే మన కళ్ళకు ఈ చేతులు కనిపించకపోవడంలో వింత లేదు.

నేతన్న ఆకలితో ఉంటే కళ ఎందుకు అనేవాళ్ళకు నా సమాధానం ఇది. ఇన్‌స్టలేషన్ల వల్ల ధర్మవరం అప్పులు తీరతాయని నేను అనడం లేదు. అప్పుల బాధకు మగ్గం పక్కనే ప్రాణాలు తీసుకున్నవాళ్ళ ఊళ్ళో అలాంటి మాట అనడానికి నోరు రాదు. కానీ ఆకలికి కారణాల్లో ఒకటి ఈ చూపే. చేతిపనిని ఆలోచనగా చూడటం నేర్చుకోని సమాజం దానికి కూలి తప్ప గౌరవం ఇవ్వదు, గౌరవం లేనిచోట కూలి కూడా నిలబడదు. ఆ చూపును మార్చే పని చట్టం ఒక్కటే చేయలేదు. గోనెను, దారాన్ని, జుట్టును ఎదురుగా నిలబెట్టి ఇది ఎవరి చేయి, ఎంత పని అని అడిగే కళ ఆ పని చేస్తుంది.

ఘనాకు చెందిన ఇబ్రహీం మహామా చేసింది అదే. కోకో గింజలు నింపిన పాత గోనెసంచులను కలిపి కుట్టించి, భవనాలకు భవనాలనే వాటితో కప్పారు. 2015లో వెనిస్ బినాలేలో, 2017లో కాసెల్ కళాప్రదర్శనలో జనం ఆ సంచుల మధ్య నడిచారు. సంచుల మీద వ్యాపారుల ముద్రలు, మోసినవాళ్ళ చెమట మరకలు, చిరుగులకు వేసిన అతుకులు అలాగే ఉన్నాయి. హిందూపురం చింతపండు మార్కెట్లో దబ్బనంతో పురికొస గుచ్చి సంచి మూతి కుట్టే హమాలీని చూసినవాళ్ళకు ఆ పని ఎక్కడిదో పరాయి దేశంది అనిపించదు. షీలా గౌడ 2009లో వెనిస్ బినాలేలో చూపిన 'బిహోల్డ్' కూడా అంతే. దాదాపు 4 వేల మీటర్ల జుట్టుతాడు చుట్టలు చుట్టలుగా, వాటికి వేలాడే ఉక్కు కారు బంపర్లు. మొక్కు తీర్చుకుని గుండు చేయించుకున్న జుట్టు తాడవుతుంది, ఆ తాడును దిష్టి తగలకుండా బెంగళూరులో బండ్లకు కడతారు. పెనుకొండ దగ్గర ఎర్రమంచిలో 2019 నుంచి కియా కార్లు తయారవుతున్నాయి, ఏడాదికి లక్షల కార్లు చేయగల ఫ్యాక్టరీ. దాని ముందు 44వ నంబరు జాతీయ రహదారి మీద పోయే లారీలకు నల్లతాళ్ళు వేలాడుతూనే ఉంటాయి. యంత్రమూ మొక్కుబడీ ఒకే బండి మీద ప్రయాణం చేసే మన కాలాన్ని ఇంతకంటే నిక్కచ్చిగా ఏ పట్టుచీర చెప్పగలదు?

ఎదుటివాళ్ళ మాటల్లో ఒక్కదానికి మాత్రం నేను తలవంచుతాను. కళాకారుడు గుడ్డ తెప్పించుకుంటాడు, నేసినవాడి పేరు గోడ మీద ఉండదు. కుట్టింది పదిమంది, పేరు ఒక్కరిది. ఇది జరుగుతోంది. సారా సీసాల మూతలను రాగి తీగతో కలిపి బట్టలా పరిచే శిల్పి ఎల్ అనాత్సుయ్ పెద్ద పనుల వెనక నైజీరియాలోని ఎన్‌సుక్కా కుర్రవాళ్ళ చేతులు ఎన్నో ఉన్నాయి. 2015లో వెనిస్ బినాలే ఇచ్చిన గోల్డెన్ లయన్ పురస్కారం మాత్రం ఆయన ఒక్కరి చేతికే అందింది. ఈ ప్రశ్న ప్రపంచమంతటా ఉంది, ఇక్కడా ఉండాలి. అయితే దీనికి మందు కళను తరిమేయడం కాదు. పట్టుచీర వ్యాపారం నేసినవాడి పేరును ఎప్పుడైనా చెప్పిందా? ఆ వ్యాపారాన్ని ఎవరూ తరిమేయమనలేదు. నేసినవాడి పేరు రెండు చోట్లా అడుగుదాం, గ్యాలరీని ముందు అడుగుదాం.

కాబట్టి సత్యసాయి జిల్లా అధికారులకూ, నేత సంఘాలకూ, ఇక్కడ కళ బోధించేవాళ్ళకూ నేను అడిగేది సూటిగా చెబుతాను. లేపాక్షి ఉత్సవాలు ఈసారి జరిపినప్పుడు వేదిక మీద సినిమా పాటలకు ఇచ్చే చోటులో కొంత నేతకు ఇవ్వండి. అంగడి కౌంటరు వద్దు, ఒక పెద్ద గది కావాలి. నిమ్మలకుంట బొమ్మలవాళ్ళనూ, ధర్మవరంలో పడుగు అతికే ఆడవాళ్ళనూ, బెంగళూరు, హైదరాబాదు, బరోడాల్లో దారంతో పనిచేస్తున్న కళాకారులనూ అందులో ఒక నెల కలిపి కూర్చోబెట్టండి. మగ్గం మీద మిగిలిపోయిన పడుగు కొసలు, పాత జకార్డు అట్టలు, మార్కెట్టు గోనెలు, చిల్లులు పడ్డ పట్టుగూళ్ళు, మేకతోలు వాళ్ళ ముందు పోయండి. ఏం చేయాలో చెప్పకండి. కూలి ముందే మాట్లాడి, వారం వారం చేతిలో పెట్టండి. నెల చివర ఆ గదిలో ఏది నిలబడినా దాని పక్కన బోర్డు మీద పనిచేసిన ప్రతి మనిషి పేరూ ఒకే సైజు అక్షరాల్లో రాయండి, కండెలు చుట్టినామెతో సహా. అదే ఏడాది నుంచి ధర్మవరం చీర మడతలో పెట్టే చీటీ మీద కూడా నేసినవాళ్ళ పేరుకు ఒక గీత గీసి పెట్టండి.